ఇద్దరి చేతుల్లో పెట్టిన మోకు

సంగాడోరి నుయ్యి తెలుసు గదా మీకు? తెలీదంటారేంట్రా! రేవుకెళ్ళే దారిలో పాత ఓడల దొడ్డి ఉందే, దాని పక్కన, గిలక ఒకటి ఉత్తినే వేలాడుతూ ఉంటుంది, అక్కడికి రాగానే మీరంతా చెప్పులు చేత్తో పట్టుకుని బురదలోకి దిగి చుట్టు తిరిగి పోతారే, ఆ నుయ్యి. ఎందుకురా చుట్టు తిరుగుతున్నారంటే ఒక్కడూ చెప్పడు, మా నాన్న ఇలాగే వెళ్ళేవాడంటాడు. కాకి ఆ గిలక మీద వాలదు. అక్కడ గడ్డి ఎంత పచ్చగా ఉన్నా మేక మూతి పెట్టదు. మేక కంటే తెలివితక్కువవాడు ఈ ఊళ్ళో ఒక్కడే ఉండేవాడు, వాడే ఇప్పుడు మీ ముందు కూర్చుని చుట్ట కాలుస్తున్నాడు.

ఆ వెనకాల నవ్వేది ఎవరే, వీరమ్మ మనవరాలివా? నవ్వు, నవ్వు. కాసేపయ్యాక నా పక్కకొచ్చి కూర్చుంటావు, అప్పుడు నేను నవ్వుతాను.

ఇప్పుడంటే ఆ దొడ్డిలో తుమ్మముళ్ళు మొలిచాయి గానీ, నా వయసు రోజుల్లో అక్కడ ఎప్పుడూ ఒక ఓడ ఉండేది, దాని పక్కన ఇంకో ఓడకి ఎముకలు నిలబెట్టి ఉండేవి. సంగాడోరి తాత ఎక్కడినుంచో ఒక బాడిశ భుజాన వేసుకుని వచ్చి ఈ ఏటి ఒడ్డున మొదటి ఓడ చెక్కాడంటారు, తరవాత ఆయన కొడుకు, ఆ తరవాత మనవడు లోవరాజు. లోవరాజంటే ఎవరికీ తెలీదు, పెదమేస్త్రి అంటేనే తెలుస్తుంది. కాగితం మీద గీత గీసేవాడు కాదు, నేల మీద కర్రతో గీసేవాడు, సాయంత్రానికి కోళ్ళు చెరిపేసేవి, అయినా ఓడ మాత్రం వంకర పోయేది కాదు. మరి నా పనేంటంటారా? పలకల సందుల్లో నూలు కూరి గుగ్గిలం కొట్టడం. నేను పూడ్చిన సందులోంచి నీళ్ళు రాని ఓడ ఈ తీరంలో ఉందంటే అది ఇంకా నీళ్ళలోకి దిగలేదన్నమాట. అందుకే నా వెనకాల ఇంకొకణ్ణి పెట్టేవారు, నేను పూడ్చింది తీసి మళ్ళీ పూడ్చడానికి.

సంగాడోరికి ఒక ఆచారం ఉండేది. వాళ్ళు ఓడని అమ్మాం అనేవారు కాదు, ఇచ్చాం అనేవారు. పిల్లని ఇచ్చినట్టు. అడుగుదూలం వేసిన రోజునే దాన్ని నడపబోయే సరంగుని పిలిచి, పసుపు దారం ఒకటి దూలానికీ ఒకటి అతని మణికట్టుకీ కట్టేవారు. అంటే మాట ఇచ్చినట్టు. ఆ రోజునుంచీ ఆ సరంగు పెదమేస్త్రిని మావగారూ అని పిలవాలి. ఇక ఓడ నీళ్ళలోకి దిగే రోజున అప్పగింతలు. ఓడ ముందు కట్టే లావు తాడుని, అదే మోకుని, పాలలో ముంచి సరంగు చేతిలో పెట్టి, ఇన్నాళ్ళూ మా పిల్ల, ఇకనుంచి నీది, తప్పు చేస్తే దిద్దుకో గానీ ఒడ్డున వదిలెయ్యకు నాయనా అని పెదమేస్త్రి అంటాడు, అనగానే ఆ ఇంటి ఆడవాళ్ళు నిజంగానే ఏడుస్తారు. నేనూ ఏడ్చేవాణ్ణి. వాళ్ళు పిల్ల పోతోందని ఏడిస్తే, నేను అది మునిగితే నా మీదకొస్తారని ఏడ్చేవాణ్ణి. ఒకసారి ఇచ్చేశాక మాత్రం సంగాడోరి వాళ్ళెవరూ ఆ ఓడ ఎక్కకూడదు. అల్లుడింట్లో ఊరికే కాళ్ళు చాపుకుని కూర్చుంటామా? అదీ మర్యాద.

మరి మాటిచ్చిన సరంగు మధ్యలోనే పోతే? దానికీ ఒక దారి ఉంది. దూలానికి కట్టిన దారం విప్పి, పోటు వేళ ఏటి అంచున నిలబడి, ఆ చనిపోయినవాడి పేరు పెట్టి పిలిచి, నీకిచ్చిన మాట తీసుకుంటున్నాం, వెళ్ళిరా అని దారం నీళ్ళలో వదిలెయ్యాలి. అప్పుడు ఓడ మళ్ళీ కన్యే. ఇంకొకరికి ఇవ్వొచ్చు.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, నీలవేణి అని ఒక ఓడ కట్టారు. దాని సరంగు ఓలేటి చిన్నారావు. సూరమ్మ కొడుకు, ఒక్కగానొక్కడు. వాడికి ఆ ఓడంటే ఎంత మోజంటే, రోజూ సాయంత్రం వచ్చి పలకల మీద చెయ్యి వేసి నిమిరి, మావగారూ, పిల్ల ఒళ్ళు చేసిందే అనేవాడు, పెదమేస్త్రేమో, నువ్విలా రోజూ వచ్చి చూస్తే దిష్టి తగులుతుంది పోరా అనేవాడు. నన్ను చూస్తే మాత్రం, బాబాయ్, నా పెళ్ళాం ఒంటి మీద నువ్వు చెయ్యి వెయ్యకు, కొంపలు మునుగుతాయి అనేవాడు. అంతా నవ్వేవారు. నేనూ నవ్వేవాణ్ణి, ఏం చేస్తాను.

నీలవేణికి ఇంకా పైపలకలు వెయ్యాల్సి ఉండగా, చిన్నారావు ఎవరిదో పాత నావలో ఉప్పు వేసుకుని వెళ్ళాడు, ఇదే ఆఖరి సారి, తిరిగొచ్చాక నా ఓడ నాదే అని చెప్పి మరీ వెళ్ళాడు. గాలివాన పట్టుకుంది. నావ పలకలు రెండు మూడు ఇసకపర్రల మీదకి కొట్టుకొచ్చాయి. మనిషి రాలేదు. మణికట్టుకి ఆ పసుపు దారం అలాగే ఉండిపోయింది.

ఇప్పుడు పెదమేస్త్రి ఏం చెయ్యాలి? దారం విప్పి, పేరు పెట్టి పిలిచి, వదిలెయ్యాలి. అందరూ అదే అన్నారు. కానీ సూరమ్మ రోజూ వచ్చి ఓడ నీడలోనే కూర్చునేది. మా చిన్నోడు గట్టివాడు, ఏదో ఒక దీవికి చేరుంటాడు, వస్తాడు, ఓడ జాగ్రత్త మేస్త్రీ అనేది. ఆవిడ చూస్తుండగా దారం విప్పడమంటే, నీ కొడుకు చచ్చాడమ్మా అని మొహం మీద చెప్పడమే గదా! పెదమేస్త్రికి నోరు రాలేదు. దూలాలు కోసే చెయ్యి దారం విప్పలేకపోయింది. పోనీ ఆగుదామంటే ఓడ కట్టించుకున్న కామందు ఊరుకుంటాడా? సరుకు వచ్చి పడింది, ఈ అమావాస్య పోటుకి దించకపోతే ఏట్లో నీళ్ళు చాలవు అని మనుషుల మీద మనుషుల్ని పంపాడు. ఇంకొకడికి మాటిచ్చిన ఓడని ప్రతి సరంగూ ముట్టనన్నాడు. అప్పుడు పెదమేస్త్రి ఏం చేశాడంటే, సంగాడోరి వాళ్ళు ఎక్కకూడదన్న మర్యాద కూడా పక్కన పెట్టి, సొంత కొడుకు కొండబాబునే సరంగుగా నిలబెట్టాడు. చిన్నారావు వస్తే వీడు దిగిపోతాడు, వాడిది వాడికే ఇచ్చేద్దాం అన్నాడు. జాలితోనే అన్నాడు. కానీ చూడండి, దారం విప్పకుండా రెండోవాడి చేతిలో మోకు పెట్టడమంటే ఒకే పిల్లని ఇద్దరికి ఇవ్వడం కాదా?

అంతకు కొన్నాళ్ళ ముందే నుయ్యి తేడా చేసింది. ఆ నూతి నీళ్ళు కొబ్బరినీళ్ళలా ఉండేవి, ఊరంతా తాగేవాళ్ళం. పెదమేస్త్రి భార్య మాచరమ్మ ఒకరోజు చేద వేసి తోడి నోట్లో పోసుకుని తుపుక్కున ఉమ్మింది. ఉప్పు. ఏటి ఉప్పు కాదు, నడిసముద్రం ఉప్పు. మళ్ళీ చేద వేసింది. ఈసారి అడుగునుంచి ఎవరో చేంతాడు పట్టుకుని గుంజారు. గట్టిగా కాదు. మెత్తగా, ఆగి ఆగి, సరంగు ఒడ్డున ఉన్నవాళ్ళకి మోకు వదలండయ్యా అని చెప్పాలంటే ఎలా గుంజుతాడో అలాగ. మాచరమ్మ ఓడల దొడ్డిలో ఏళ్ళ తరబడి కాపరం చేసిన మనిషి, ఆ గుంజుడు ఆవిడకి తెలీదా? చేంతాడు వదిలేసి ఇంట్లోకి పరిగెత్తి మొగుడితో చెప్పింది. ఆయన, నీటిలో ఏ తాబేలో ఉంటుంది పోవే అన్నాడంట. అన్నాడు గానీ ఆ పూట అన్నం ముట్టలేదంట.

ఇక దించే రోజు. మిట్టమధ్యాహ్నం, ఎండ నడినెత్తి మీద ఉంది. దెయ్యాలు పగలు రావని చెప్పినవాడెవడో గానీ వాడు మన రేవు మొహం చూడలేదు. పోటు వచ్చి ఏరు నిండింది. కళాసీలంతా తాళ్ళు పట్టుకుని ఐలెస్సా అంటున్నారు, నేను అందరికంటే గట్టిగా అరుస్తున్నాను, లాగడం మాత్రం లాగట్లేదు, అది నాకు అలవాటే. ఓడ సగం దాకా నీళ్ళలోకి దిగింది. పెదమేస్త్రి ముందు మోకు తీసుకుని పాలగిన్నెలో ముంచాడు. కొండబాబు దోసిలి పట్టాడు. ఆయన మోకు వాడి చేతిలో పెట్టి, ఇన్నాళ్ళూ మా పిల్ల అన్నాడో లేదో, మాట అక్కడే ఆపి ఇసక వంక చూశాడు.

ఎందుకంటే మోకు మిగిలిన చుట్ట ఇసకలో పడి ఉంది చూశారూ, ఆ చుట్ట తనంతట తాను విడిపోతోంది. పాము పాకినట్టు ఇసక మీద జరుగుతూ నూతి వైపు పోతోంది. మేమంతా నోళ్ళు తెరుచుకుని చూస్తున్నాం. నూతి ఒర ఎక్కింది. లోపలికి దిగింది. దిగి, దిగి, టక్కున బిగిసింది.

కొండబాబు కెవ్వుమన్నాడు. వాడి పిడికిలి మోకు మీద మూసుకుపోయింది, తెరవలేకపోతున్నాడు, ఈడ్చుకుంటూ నూతి వైపు పోతున్నాడు, మడమలు ఇసకలో చాళ్ళు తీస్తున్నాయి. పదిమంది వెళ్ళి నడుం పట్టుకున్నా ఆగట్లేదు. నేనా? నేను అప్పటికే అరటితోట దాటి ఉన్నాను, కానీ వెనక్కి తిరిగి చూస్తూనే పరిగెత్తాను, కాబట్టి చూసినట్టే. ఆఖరికి పెదమేస్త్రే బాడిశ తీసుకుని మోకు మీద వేసి నరికాడు. తెగిన ముక్క సర్రున నూతిలోకి పోయింది. నీళ్ళ చప్పుడు మాత్రం రాలేదు. అందుకున్నవాడుంటే చప్పుడెందుకొస్తుంది?

ఓడ సగం నీళ్ళలో, సగం ఒడ్డున అలాగే నిలబడిపోయింది. కొండబాబు పిడికిలి తెరుచుకోలేదు. మోకు ఎప్పుడో జారిపోయింది, లోపల ఇంకేమీ లేదనే అనుకున్నాం, అయినా తెరుచుకోలేదు. పోటు వచ్చినప్పుడల్లా ఆ వేళ్ళ సందుల్లోంచి నీళ్ళు కారేవి, నీళ్ళు వెనక్కి తీసే పాటు వచ్చాక ఆగేవి. తరవాత దగ్గు మొదలైంది. దగ్గితే నోట్లోంచి ఉప్పునీళ్ళు, ఒకసారి నాచు. మంచం మీద, పొడి ఇంట్లో, దుప్పటి కప్పుకుని ఉన్నవాడు మునిగిపోతున్నాడు. పోటు పోటుకీ కొంచెం కొంచెం లోతుకి.

పై ఊరినుంచి ఒక భూతవైద్యుణ్ణి తెచ్చారు. బొట్టూ, గడ్డం, బెత్తం, చూస్తే మాకే భయమేసింది. గుమ్మానికి నిమ్మకాయల దండ కట్టి, ఇక రమ్మనండి దాన్ని అన్నాడు. ఒక్క పోటు వచ్చి పోయేసరికి ఆ నిమ్మకాయలు ఉప్పులో ఊరి ఊరగాయలైపోయాయి. ఆయన వాటి వంక చూసి, బెత్తం చంకలో పెట్టుకుని, ఇది దెయ్యం కాదు, మీ అల్లుడు, మీ ఇంటి గొడవ మీరే తేల్చుకోండి, మాట వాపసు తీసుకోండి, వచ్చే అమావాస్య పెద్దపోటు దాటితే మీ వాడు మీకు దక్కడు అని చెప్పి, బండి వచ్చేదాకా కూడా ఆగకుండా నడిచే వెళ్ళిపోయాడు.

అప్పుడు పెదమేస్త్రి దారం విప్పడానికి వెళ్ళాడు. విప్పాలని చూస్తే ముడి దొరకలేదు. దూలంలోకి ఇంకిపోయింది. కర్ర మీద పసుపు గీత మాత్రం ఉంది. ఆలస్యమైపోయింది. పేరు పెట్టి పిలిచాడు, చిన్నారావూ, మాట తీసుకుంటున్నాంరా అని గొంతు చించుకున్నాడు. నూతిలోంచి మాత్రం, మావగారూ, మోకు ఇవ్వండి అని వినబడింది. చాలా మర్యాదగా. అది తలుచుకుంటే నాకు ఇప్పటికీ ఒళ్ళు జలదరిస్తుంది, కోపంగా అని ఉంటే ఇంత భయం ఉండేది కాదు.

ఇక మిగిలింది సూరమ్మ. కడుపున పుట్టినవాడు తల్లి మాట వింటాడు గదా. ఆ అమావాస్య రోజే, ఎండ ఇంకా ఉండగానే, మొగుడూ పెళ్ళాం ఇద్దరూ ఆవిడ గుడిసెకి వెళ్ళారు. వాళ్ళకి తోడుగా నన్ను తీసుకెళ్ళారు. నాకు తోడుగా ఎవరూ రాలేదు.

"అక్కా," అన్నాడు పెదమేస్త్రి, "నువ్వొచ్చి ఒక్కమాట చెప్పు. వెళ్ళిరా నాయనా అని చెప్పు. నువ్వు చెబితే వదిలేస్తాడు."

సూరమ్మ చేప తోముతూ తలెత్తలేదు. "ఎక్కడికి వెళ్ళమంటావు మేస్త్రీ వాణ్ణి?"

ఆయన చూపు ఆ చేపల మీదకి దించుకున్నాడు.

"చెప్పవేం? నా కొడుకు చచ్చాడని నేను ఒప్పుకుంటే నీ కొడుకు బతుకుతాడు. అంతే గదా బేరం?"

మాచరమ్మ వెళ్ళి ఆ చేపపొలుసుల్లోనే సూరమ్మ కాళ్ళ మీద తలపెట్టి పడుకుంది. ఏడవలేదు కూడా. అవతల ఏట్లో పోటు ఎక్కుతున్న చప్పుడు వినబడుతోంది. సూరమ్మ చేతిలో చేప పక్కన పెట్టింది. తరవాత చెయ్యి కడుక్కుంది. కాళ్ళు మెల్లిగా లాక్కుని లేచి, పళ్ళెంలో అన్నం పెట్టి, చేపపులుసు పోసి, మీద ఇంకో పళ్ళెం బోర్లించింది. "నేను వెళ్ళిరమ్మని చెప్పను," అంది. "లే మాచరమ్మా, తోవ ఇవ్వు."

నూతి దగ్గరికి వెళ్ళేసరికి నీళ్ళు ఒర అంచుకి వచ్చేశాయి. ఇంట్లోంచి కొండబాబు దగ్గు వినబడుతోంది, దగ్గుకీ దగ్గుకీ మధ్య ఊపిరి వినబడట్లేదు. అంతా దూరంగా జరిగారు. నేను మాత్రం జరగలేదు. ధైర్యం అనుకునేరు, నా పంచె అంచు గిలక గుంజకున్న మేకుకి తగులుకుంది. పంచె వదిలేసి పారిపోదామంటే ఆడవాళ్ళున్నారు. అలా మొత్తం చూసిన మొనగాణ్ణి నేనొక్కణ్ణే.

సూరమ్మ వంగి, ఇంటి గుమ్మంలోంచి కేకేసినట్టు కేకేసింది. "ఒరే చిన్నోడా! ఎంతసేపురా నీళ్ళలో? ఒళ్ళంతా నానిపోదూ? ఆ పిల్లని వదిలెయ్, వాళ్ళ పిల్లని వాళ్ళకిచ్చెయ్. ఆకలెయ్యట్లేదా నీకు?"

నీళ్ళు ఆగాయి. పోటు ఎక్కుతూ ఎక్కుతూ ఆగడం ఎప్పుడైనా చూశారా? నేను చూశాను. ఆ నీళ్ళలోంచి ఒక చెయ్యి వచ్చి ఒర పట్టుకుంది. తెల్లగా, నాని ముడతలు పడి, గోళ్ళు లేవు. మణికట్టుకి పసుపు దారం మాత్రం ఇప్పుడే కట్టినట్టుంది. చెయ్యి తరవాత తల రాబోతోంది, నేను కళ్ళు మూసుకున్నాను. తల ఎలా ఉంది తాతా అని అడక్కండి, అడిగినవాడికి ఆ చెయ్యే కలలోకి వస్తుంది.

కళ్ళు మూసుకున్నా చెవులు మూసుకోలేం గదా. "అన్నం అయిందా అమ్మా?" అని వినబడింది.

"అయింది, రా," అంది సూరమ్మ.

నేను కళ్ళు తెరిచేసరికి నీళ్ళు నూతి అడుగుకి పోయాయి. సూరమ్మ పళ్ళెం పట్టుకుని ఇంటికి నడిచిపోతోంది, వెనక్కి తిరగకుండా, దారిలో రాళ్ళున్నాయి చూసుకో అని చెబుతూ. పొడి ఇసక మీద ఆవిడ అడుగుల పక్కనే ఇంకో జత అడుగులు తడితడిగా పడుతున్నాయి. ఒక్కొక్కటే, మా కళ్ళముందే. అప్పుడే సంగాడోరి ఇంట్లోంచి కేక, కొండబాబు పిడికిలి తెరుచుకుందని. వెళ్ళి చూస్తే వాడి అరచేతిలో ఆనాటి అప్పగింతల పాలు ఉన్నాయి. విరగలేదు కూడా.

కొండబాబు బతికాడు. నీలవేణి మర్నాడు పోటుకి తనంతట తాను జారి నీళ్ళలోకి దిగింది, ఎవరో దూరపు సరంగు తీసుకెళ్ళాడు, బాగానే నడిచిందంటారు. కానీ పెదమేస్త్రి మళ్ళీ బాడిశ పట్టలేదు. కొండబాబు కొన్ని ఓడలు కట్టాడు గానీ మాట ఇవ్వడం మానేశాడు, దారం కట్టడం మానేశాడు, ఉత్తినే అమ్మాడు. తరవాత ఏరు పూడిపోయింది, ఫైబర్ పడవలొచ్చాయి, అచ్చులో పోసి తీస్తారు వాటిని, ఇడ్లీల్లాగా. ఇడ్లీకి ఎవడు అప్పగింతలు పెడతాడు? దొడ్డి మూతపడింది. సంగాడోరి కథ అంతే.

సూరమ్మ కథ మాత్రం అప్పుడే అయిపోలేదు. ఆవిడ రోజూ ఇద్దరికి వండేది. పెద్ద చేప కొనేది. ఊరంతటికీ భయం, ఆవిడకి తప్ప. పక్కింటివాళ్ళు చెప్పేవారు, తలుపు వెనకాల ఆవిడ కోప్పడుతుంటే వినేవాళ్ళంట: కాళ్ళు తుడుచుకోరా, చాప తడిసిపోతోంది, ఇంకొంచెం పెట్టుకో, ఏంట్రా ఆ తిండి. ఆ గుడిసె నేల ఎండాకాలంలో కూడా ఆరేది కాదు. ఆవిడ ఒళ్ళు చేసింది, మొహం వికసించింది. చాలా ఏళ్ళు బతికింది. ఆవిడ పోయిన రోజున, అంతా ఏడుస్తూ ఉండగా, గుమ్మంలోంచి నూతి దాకా తడి అడుగులు ఒక్క జతే కనబడ్డాయి. తిరిగి వెళ్ళిపోయాడు. ఇంక ఎక్కడికి వెళతాడు, వండిపెట్టేవాళ్ళు లేరు గదా.

మొన్నామధ్య ఆ రొయ్యల చెరువుల దగ్గర వంటావిడ ఉండేది చూశారూ, పొరుగూరి మనిషి, ఈ సంగతేదీ తెలీదు, గిన్నెలు తోముకుందామని ఆ నూతి దగ్గరికి వెళ్ళింది. లోపల్నుంచి ఎవరో, అన్నం అయిందా అమ్మా అని అడిగారంట. రోజంతా అదే మాట వినే మనిషి గదా, ఎవరో కూలివాడనుకుని తలెత్తకుండానే, ఆఁ అయింది, రా బాబూ అందంట.

ఆ రోజునుంచీ వంటపాక నేల తడి ఆరకపోయేసరికి, ఉద్యోగం మానేసి పుట్టింటికి వెళ్ళిపోయింది. అక్కడ కూడా నేల ఆరట్లేదంట.

ఆవిడ వండడం మానిన రోజున వాడు మళ్ళీ ఆ నూతికే వస్తాడు, కాబట్టి ఆ వైపు వెళ్ళకండి. వెళ్ళక తప్పకపోతే బురదలోంచి వెళ్ళండి, చెప్పులు పాడైతే పాడయ్యాయి. ఎవరన్నా అన్నం అయిందా అని అడిగితే మాత్రం పలక్కండి. మర్యాద తప్పినా ఫరవాలేదు, ఈ రోజుల్లో బియ్యం ధర చూశారు గదా.